ఆ యాస పుట్టుకతో వచ్చింది కాదు

సంపాదకులకు నమస్కారం.

సెప్టెంబర్ 8న జయప్రకాశ్ రెడ్డి గారి వర్ధంతికి మీ సినిమా పేజీలో వేసిన చిన్న వ్యాసం చూశాను. హీరోల పుట్టినరోజులకు పేజీలకు పేజీలు పోయే కాలంలో ఒక సహాయ నటుణ్ణి గుర్తుపెట్టుకుని పావు పేజీ ఇచ్చారు, సంతోషం. ఫొటో కింద ‘ఫ్యాక్షన్ విలన్’ అని ఒక్క ముక్కలో తేల్చేశారు, దానికీ సర్దుకుంటాను. లోపల ఒక వాక్యం మాత్రం మింగుడు పడలేదు. సీమలో పుట్టాడు కాబట్టి ఆ యాస ఆయనకు పుట్టుకతోనే వచ్చిందట. ఇంట్లో మాట్లాడినట్టు కెమెరా ముందు మాట్లాడితే సరిపోయిందట. అక్కడ కాఫీ గ్లాసు కింద పెట్టేశాను. మా ఇంటావిడ నా మొహం చూసి “ఎవరన్నా పోయినారా?” అని అడిగింది.

నేను అనంతపురం, ఆ చుట్టుపక్కల బళ్లలో ముప్పై మూడేళ్లు సాంఘిక శాస్త్రం చెప్పి 2008లో రిటైరైన మాస్టార్ని. నాటకాల పిచ్చి చిన్నప్పటి నుంచీ ఉంది. రిటైరయ్యాక రెండేళ్లు హైదరాబాదులో మా పెద్దోడి ఇంట్లో ఉండి టీవీ సీరియళ్లలో, ఒక సినిమాలో చిన్న చిన్న వేషాలు వేశాను. తాసిల్దారు, జడ్జి, పెళ్లికూతురి పెదనాన్న, ఇట్లాంటివి. మీరు నన్ను చూసి ఉండరు, చూసినా గుర్తుండదు. జయప్రకాశ్ రెడ్డి గారితో నాకు ముఖపరిచయం కూడా లేదు. అయినా ఈ యాస సంగతిలో నాకు తగిలిన దెబ్బ ఒకటి ఉంది కాబట్టి రాస్తున్నాను.

ముందు లెక్క సరిచూద్దాం. ఆయన పుట్టింది 1946లో, శిరివెళ్ల మండలంలో. అప్పుడది కర్నూలు జిల్లా, 2022 నుంచి నంద్యాల జిల్లా. తండ్రి పోలీసు శాఖలో సబ్ ఇన్‌స్పెక్టర్. పోలీసోళ్ల పిల్లలకు సొంతూరంటే సర్టిఫికెట్లో ఉండే ఊరే. ఆయన చిన్నప్పటి చదువంతా నెల్లూరులో నడిచింది. ఎస్సెస్సెల్సీకి వచ్చేసరికి తండ్రికి అనంతపురం బదిలీ అయి, ఇక్కడి సాయిబాబా నేషనల్ హైస్కూల్లో చేరారు. పెద్దయ్యాక ఉద్యోగం గుంటూరులో. 2020లో, కరోనా రోజుల్లో, ఆయన కన్నుమూసింది కూడా గుంటూరులోనే. మాట నేర్చే వయసు నెల్లూరులో గడిచింది, సంసారం గుంటూరులో గడిచింది. మరి ఆ పుట్టుకతో వచ్చిన యాస ఇంతకాలం ఎక్కడ దాక్కుందండీ? బదిలీల మీద వచ్చిన పిల్లలను వందల మందిని చూసిన అనుభవంతో చెప్తున్నా. జూన్‌లో ‘వెళ్తున్నానండి’ అంటూ వచ్చిన పిల్లోడు సంక్రాంతి సెలవులకు ‘పోతాండా సార్’ అంటాడు. పిల్లల నాలుక నీళ్లలాంటిది, ఏ గిన్నెలో పోస్తే ఆ ఆకారం.

అసలు జరిగింది వేరు. 1997లో ‘ప్రేమించుకుందాం రా’ సినిమాలో కర్నూలు ఫ్యాక్షనిస్టు వీరభద్రయ్య వేషం వచ్చినప్పుడు ఆయన నంద్యాల వైపు పోయి, జనంలో తిరిగి, ఎవరు ఎట్లా మాట్లాడుతున్నారో విని వచ్చారు. అప్పటికి ఆయనకు యాభై నిండాయి. అప్పటికే పాతిక సినిమాల్లో నటించినవాడు. ‘మాది ఆ పక్కే, నాకు తెలీదా’ అనుకోలేదు. బస్టాండు దగ్గర, టీ కొట్టు దగ్గర నిలబడి చెవులు అప్పగించాడు. నా మటుకు నాకు ఆయన చేసిన వేషాలన్నిటికంటే ఈ ప్రయాణమే గొప్పది. మీ వ్యాసంలో ‘పుట్టుకతో’ అన్న ఒక్క మాట ఆ కష్టాన్నంతా తుడిచేసింది. లెక్కల్లో నూటికి నూరు తెచ్చుకున్న పిల్లోణ్ణి పట్టుకుని ‘వాళ్ల నాయన కోమటి కదా’ అన్నట్టుంది. జయప్రకాశ్ రెడ్డి గారూ పంతులే, పైగా లెక్కల పంతులు. ఈ పోలిక ఆయనకు నచ్చేదనుకుంటా.

ఆ చెవి ఎక్కణ్ణుంచి వచ్చిందంటే నాటకం నుంచి. అనంతపురంలో చదివేటప్పుడు ఇక్కడి స్నేహితులు ఆయనకు ‘దుర్యోధన గర్వభంగం’ పద్యనాటిక నేర్పించి వేయించారు. ఈ మాట మీ పాఠకుల్లో కుర్రవాళ్లకు అంతగా అర్థం కాకపోవచ్చు. దుర్యోధనుడంటే ఏంటో కొంచెం చెప్తాను, నేనూ వేశాను కనక. మా లలిత కళా పరిషత్తు స్టేజీ మీద. అంగీ మఖమల్ గుడ్డ, దాని మీద జరీ. అద్దెకిచ్చేవాడు ఎన్ని నాటకాలకు ఇచ్చాడో, చంకల కింద పాత చెమట వాసన ముందే ఉంటుంది. కిరీటం అట్టది, చెవుల పైన ఒరుసుకుంటుంది. మీసం జిగురుతో అంటిస్తారు. పద్యం ఎత్తుకున్నాక పైపెదవి చెమట పట్టి ఎడమ పక్క మీసం ఊడి వస్తుంటే, ఆ పక్క మూతి కదపకుండా రాగం తీయాలి. హార్మోనియం ఆయన శ్రుతి పెంచుతూ పోతాడు, ఎదురుగా ఉన్నవాళ్లు ‘వన్స్ మోర్’ అంటారు, గాలి ఎక్కడ పీల్చుకోవాలో తెలియకపోతే మూడో పాదంలో ప్రాణం పోతుంది. గద చెక్కది కాబట్టి తేలిక, కానీ బరువుగా ఉన్నట్టు మోయాలి. నటనలో నాకు తెలిసిన మొదటి పాఠం అదే, ఖాళీ గదను బరువుగా మోయడం. రాజసం, అహంకారం, దాని కిందే ఎక్కడో వెకిలితనం, ఇవన్నీ ఒకే గొంతులో పలకడం దుర్యోధనుడు నేర్పుతాడు. వీరభద్రయ్యలో ఆ దుర్యోధనుడు నాకు కనపడ్డాడు. పంచె మారింది, సుమో వచ్చింది, అంతే.

మా జిల్లాకు ఈ విద్య కొత్త కాదు. పేరుమోసిన రంగస్థల నటుడు బళ్లారి రాఘవ పుట్టింది తాడిపత్రిలో. ఆయన పోయింది 1946 ఏప్రిల్లో, జయప్రకాశ్ రెడ్డి పుట్టింది అదే ఏడు మేలో. ఊరికే చెప్తున్నా, దీనికి అర్థాలు తీయకండి.

తనను నాటకంలో చూసిన దాసరి నారాయణరావు గారి మాటతో జయప్రకాశ్ రెడ్డి గారు రామానాయుడు గారి సంస్థలో 1988లో ‘బ్రహ్మపుత్రుడు’ సినిమాకు వచ్చారు. తర్వాత నాలుగేళ్లలో పాతిక దాకా సినిమాలు. వినడానికి బాగుంటుంది. కానీ చిన్న వేషాల వాళ్లకు సినిమాల సంఖ్య వేరు, పని దినాల సంఖ్య వేరు. ఒక్కో సినిమాలో రెండు రోజులో మూడు రోజులో ఉంటుంది. మిగతా రోజులకు ఎవరూ డబ్బివ్వరు. హైదరాబాదులో ఇంటి అద్దె మాత్రం నెలకు ముప్పై రోజులకూ కట్టాలి. 1992లో ఆయన మళ్లీ గుంటూరు పోయి బడిలో పాఠాలు చెప్పుకున్నారు. సినిమా వాళ్లు దీన్ని ‘గ్యాప్’ అంటారు. మేం మాస్టర్లం కాబట్టి మాకు తెలుసు, అది గ్యాప్ కాదు. తెర మీద కనపడిన మనిషి మళ్లీ స్టాఫ్ రూములో కూర్చుని అటెండెన్సు రిజిస్టర్‌లో సంతకం పెట్టాలి. పిల్లలు ‘సార్, ఇప్పుడు ఏ సినిమాలో ఉన్నారు సార్’ అని అడిగినప్పుడు నల్లబల్ల వైపు తిరిగి లెక్క రాయాలి. అట్లా ఐదేళ్లు. 1997లో ఏదో పని మీద హైదరాబాదు పోయి రామానాయుడు గారి కంటపడకపోతే ఆయన పేరు మీ పేపర్లో జిల్లా పేజీలో, ఉపాధ్యాయుల పదవీ విరమణ సభ వార్తలో వచ్చుండేది.

ఇక నా సంగతి. కృష్ణానగర్‌లో ఒక కో-ఆర్డినేటర్ ద్వారా నాకు వేషాలు వచ్చేవి. పొద్దున ఆరున్నరకు రమ్మంటారు, షాట్ సాయంత్రం నాలుగుకు. మధ్యలో టిఫిను, భోజనం బాగానే పెడతారు, అబద్ధం చెప్పకూడదు. పంచె, కండువా మనవే తెచ్చుకోవాలి. మేకప్ చెదురుతుందని నిద్రపోనివ్వరు, కంటిన్యుటీ కోసం కండువా మార్చనివ్వరు. సీరియల్లో డైలాగు బట్టీ పట్టనక్కర్లేదు, కెమెరా పక్కనుంచి ఒకబ్బాయి ప్రాంప్టింగ్ చెప్తుంటాడు. అలవాటు లేని నాకు మొదట్లో అదే పెద్ద ఇబ్బంది. వాడు చెప్పేది వినాలి, ఎదుటి వాడి వైపు చూడాలి, కోపం తెచ్చుకోవాలి, మూడూ ఒకేసారి.

ఒక సీరియల్లో నాకు సీమ పెద్దమనిషి వేషం వచ్చింది. సీను చాలా చిన్నది. పొలం గట్టు తగాదా. పక్క చేనోణ్ణి ఇంటికి పిలిపించి బెదిరించాలి. నాకు మా నాయన గుర్తొచ్చాడు. మాకు కూడేరు వైపు నాలుగెకరాలు, చెనిక్కాయ చేను. గట్టు తగాదా మాకూ ఉంది. మా నాయన ఒకసారి ఆ పక్క చేనాయన్ను పిలిచి, ముందు మజ్జిగ ఇప్పించాడు. తాగిందాక ఆగి, కింద గోనె మీద పోసిన చెనిక్కాయలు ఒలుస్తా, మొహం కూడా ఎత్తకుండా, “ఆ గట్టు మింద ఇంకోసారి గడ్డపార పడితే బాగుండదు చూడు నాయనా” అన్నాడు. అంతే. గొంతు పెరగలేదు. ‘నాయనా’ అన్న మాట దగ్గర మాత్రం ఒక కాయ పటుక్కుమని ఒలిచాడు. ఆ మనిషి మజ్జిగ గ్లాసు మెల్లగా కింద పెట్టి పోయినాడు. నాకప్పుడు పదకొండేళ్లు, మా అమ్మ వెనకాల నిలబడి ఉన్నా, ఇప్పటికీ ఒళ్లు జలదరిస్తుంది.

నేను ఆ డైలాగు అట్లే చెప్పాను. చేతిలో చెనిక్కాయలు లేవు కాబట్టి తుండుగుడ్డ మడత పెడుతూ చెప్పాను. నా మనవడంత ఉంటాడు ఆ అసిస్టెంట్ డైరెక్టర్, మర్యాదస్తుడే, దగ్గరికొచ్చి “సార్, బాగా చేశారు గానీ సీమలాగా లేదు సార్. కొంచెం సీమ దట్టించండి” అన్నాడు. అర్థం కాక చూశాను. “అదే సార్, జేపీ గారిలాగా” అన్నాడు.

నేను పుట్టింది, పెరిగింది, పాఠం చెప్పింది అనంతపురం జిల్లాలో. నాకు నా యాస రాదన్నాడు. నెల్లూరులో చదివి గుంటూరులో బతికిన మనిషి, నంద్యాలలో తిరిగి నేర్చుకున్న యాసను నన్ను అనుకరించమన్నాడు. ఆ రోజు రెండో టేకులో నేను కళ్లు పెద్దవి చేసి, ‘రా’ను సాగదీసి, తొడ మీద చెయ్యి వేసి అరిచాను. అందరూ చప్పట్లు కొట్టారు. తొమ్మిది వందల రూపాయలిచ్చారు. ఆ ఎపిసోడ్ వచ్చిన రోజు ఇంకో వింత. గొంతు నాది కాదు, ఎవరితోనో డబ్బింగ్ చెప్పించారు. వంటింట్లోంచి మా ఇంటావిడ వచ్చి చూసి “ఎవుడిదీ గొంతు? నీ నోట్లో ఎవుడు దూరినాడు?” అనింది.

ఇందులో జయప్రకాశ్ రెడ్డి గారి తప్పు నాకేమీ కనపడదు. ఆయన అరిచిందానికంటే అరవకుండా చేసిందే ఎక్కువ. ఒకసారి మళ్లీ చూడండి. ముందు నవ్వుతాడు, ఇంటి మనిషిని పలకరించినట్టు పలకరిస్తాడు, ఆ తర్వాత గొంతు బరువెక్కుతుంది. మా నాయన మజ్జిగ ఇప్పించినట్టే. అది విని నేర్చుకున్నవాడికే తెలుస్తుంది. తర్వాత వచ్చినవాళ్లు నంద్యాల పోలేదు, ఆయన సినిమాలు చూశారు. ఆయన నవ్వును వదిలేసి అరుపును పట్టుకున్నారు. 1999లో ‘సమరసింహా రెడ్డి’ ఆడాక ఇక అడ్డూ ఆపూ లేదు. సీమ అంటే ఆ ఒక్క గొంతే అయిపోయింది.

నిజానికి సీమకు ఒక యాస ఎక్కడిది? హిందూపురం, మడకశిర వైపు మాటలో కన్నడం కలిసి ఉంటుంది. కడప మాట సాగుతుంది. ఆళ్లగడ్డ మాట వేరు, ఆదోని మాట వేరు. వేరుశెనగను చెనిక్కాయలు అనేవాళ్లూ ఉన్నారు, బుడ్డలు అనేవాళ్లూ ఉన్నారు. మా ఆడవాళ్ల మాట, జేజిల మాట, ‘ఏమప్పా, బాగుండావా’ అని పలకరించే మాట, అవేవీ తెర మీదికి రాలేదు. వచ్చిందల్లా సుమోలో కూర్చున్న మగవాడి మాట.

ఇంకోటి చెప్పాలి. అంతకుముందు తరం వాళ్ల కష్టం ఇంకో రకం. హాస్యనటుడు పద్మనాభం గారిది కడప జిల్లా సింహాద్రిపురం. అమ్మ వేషాలు వేసిన శాంతకుమారి గారిది ప్రొద్దుటూరు. వాళ్ల సినిమాలు చూసి వాళ్లది మన సీమ అని ఎవరైనా కనిపెట్టగలరా? ‘మాయాబజార్’ తీసిన కె.వి. రెడ్డి గారిది తాడిపత్రి, ఆ సినిమా నిర్మాతల్లో ఒకరైన నాగిరెడ్డి గారిది కడప జిల్లా. మద్రాసులో తెలుగు సినిమాను నిలబెట్టినవాళ్లలో ఇంతమంది మనవాళ్లుండీ మన మాట తెర మీద పలకలేదు. ఇక్కడి నటుడు అప్పట్లో యాసను కడిగేసుకుని పోవాలి, ఇప్పుడేమో లేని యాసను పూసుకుని పోవాలి. ఉన్నది ఉన్నట్టు మాట్లాడటానికి మాత్రం ఇంతవరకూ వేషం దొరకలేదు. ఈ మధ్య కుర్ర డైరెక్టర్లు కొందరు చిత్తూరు, కడప మాటలు నిజంగా పలికిస్తున్నారని మా మనవడు చూపిస్తుంటాడు, బాగున్నాయి. వాటి సంగతి వాడే రాయనీ.

ఆ మనవడి మాట వచ్చింది కాబట్టి చెప్తా. వాడు హైదరాబాదులో ఇంజనీరింగ్ కాలేజీలో చేరిన మొదటి వారం, మాట వినగానే “మీ ఇంట్లో సుమోలెన్నిరా, బాంబులు ఎక్కడ పెడతారు?” అని అడిగారట. మా ఇంట్లో ఉన్నది ఒక పాత టీవీఎస్ ఎక్సెల్. దాని మీద ఎప్పుడూ ఒక గ్యాస్ సిలిండర్, రెండు సంచుల బొరుగులు తప్ప ఇంకేమీ మోయలేదు. వాడు నవ్వుతూనే చెప్పాడు. కానీ దసరాకు ఇంటికొచ్చినప్పుడు చూస్తే ‘పోతాండా’ పోయి ‘వెళ్తున్నా’ వచ్చింది. నేనేమీ అనలేదు.

ఆ ముద్ర బరువు జయప్రకాశ్ రెడ్డి గారికి మనకంటే ముందే తెలిసినట్టుంది. అదే గొంతును తీసుకుని కామెడీలోకి దిగారు. ‘ఎవడి గోల వాడిది’, ‘రెడీ’ లాంటివి. భయపెట్టిన యాసతోనే నవ్వించడం చిన్న పని కాదు. జనం ఒకసారి భయపడ్డాక మళ్లీ వాళ్లను నవ్వించాలంటే తన భయాన్ని తనే వెక్కిరించుకోవాలి. అంత పేరొచ్చాక కూడా నాటకం వదల్లేదు. ‘అలెగ్జాండర్’ అనే నాటకం మొదటి నుంచి చివరిదాకా స్టేజీ మీద ఒక్కడే ఆడేవారు. కట్ చెప్పేవాడు లేడు, ప్రాంప్టింగ్ లేదు, రెండో టేకు లేదు. సినిమాల్లో రోజుకు ఎంతో తీసుకునే మనిషికి ఆ నాటకంతో ఏం మిగిలి ఉంటుంది? అయినా ఆడారు. మీ వ్యాసంలో ఆ నాటకం పేరే లేదు.

కాబట్టి నా మనవి రెండు ముక్కలు. ఒకటి, ‘యాస పుట్టుకతో వచ్చింది’ అన్న వాక్యాన్ని సరిదిద్దుతూ ఒక చిన్న సవరణ వేయండి. లోపలి పేజీలో, టెండర్ ప్రకటనల పక్కన వేసినా చాలు. రెండు, ఆయన ఇక్కడ పద్యనాటిక నేర్చుకున్న నాటి ఫొటోలు, కరపత్రాలు అనంతపురంలో ఎవరి ఇంట్లోనన్నా ట్రంకు పెట్టెలో ఉండే ఉంటాయి. ఆ తరం వాళ్లు ఇప్పుడు ఎనభై దగ్గర పడుతున్నారు. ఇల్లు సర్దేటప్పుడు పిల్లలు పాత కాగితాల వాడికి వేసేస్తారు. జిల్లా పేజీలో ఒక ప్రకటన వేస్తే తెచ్చి ఇస్తారు. మీ విలేకరికి తీరిక లేకపోతే నేను ఇల్లిల్లూ తిరిగి తెస్తాను. నాకు పనేమీ లేదు, ఎక్సెల్ ఉంది.

చివరగా ఒక మాట. ఈ ఉత్తరం వేసేటట్టయితే మా నాయన అన్న మాటలో ‘మింద’ అని ఉంది. మీ డెస్కులో పిల్లలు అచ్చుతప్పు అనుకుని ‘మీద’ అని దిద్దుతారు. దిద్దొద్దని చెప్పండి.

ఇట్లు,
ఒక విశ్రాంత ఉపాధ్యాయుడు,
అనంతపురం